1983 నిజంగా మలుపేనా? స్కోరు బల్ల దగ్గర కూర్చున్నవాడి జవాబు

మీ ప్రశ్న క్లుప్తంగా ఇది: "1983లో కపిల్ కప్పు తేవడంతోనే మన క్రికెట్ దశ తిరిగిందని ఇంట్లో పెద్దవాళ్లంటారు. నేను పుట్టింది 2001లో. మలుపు నిజంగా అదేనా, ఇంకేమైనా ఉందా? పాత మ్యాచ్‌ల్లో ఏవి చూడాలి?"

ముందు సూటిగా చెప్పేస్తాను. ఒకే ఒక్క ఏడాది పేరు చెప్పమంటే నేను 1993 అంటాను. 83 మనకు ధైర్యం ఇచ్చింది, దాన్ని తక్కువ చేయను. కానీ ఆ ధైర్యం జిల్లాల్లోని కుర్రాడి దాకా చేరాలంటే డబ్బు కావాలి, మైదానం కావాలి, సెలెక్టర్ల కన్ను పడాలి. ఇవన్నీ టీవీ ప్రసార హక్కుల గొడవ మొదలయ్యాకే వచ్చాయి. ఆ గొడవ మొదలైంది 1993లో.

నా సంగతి రెండు ముక్కలు. గుంటూరు జిల్లాలో పుట్టి పెరిగినవాణ్ణి. 1991 నుంచి జిల్లా లీగ్ మ్యాచ్‌లకు అంపైరింగ్ చేశాను, మోకాళ్లు మొండికేశాక స్కోరు బల్ల దగ్గరికి మారాను. చరిత్రకారుణ్ణి కాను. చూసింది, రాసింది, చదివింది కలిపి చెబుతున్నాను. మీ పెద్దవాళ్లతో పోట్లాట పెట్టడం నా ఉద్దేశం కాదు సుమా.

83 ఏమిచ్చింది, ఏమివ్వలేదు

అంతకుముందు రెండు ప్రపంచ కప్పుల్లో కలిపి మనం గెలిచింది ఒకే ఒక్క మ్యాచ్, అదీ 1975లో ఈస్ట్ ఆఫ్రికా మీద. అదే కప్పులో ఇంగ్లండ్ కొట్టిన భారీ స్కోరుకు బదులుగా గావస్కర్ చివరిదాకా నిలబడి 174 బంతుల్లో 36 పరుగులు చేశాడు. 1979లో అప్పటికింకా టెస్టు హోదా కూడా లేని శ్రీలంక చేతిలో ఓడాం. అలాంటి జట్టు 1983 జూన్ 25న లార్డ్స్‌లో 183కి ఆలౌటై కూడా వెస్టిండీస్‌ను 140కే చుట్టేసి, 43 పరుగులతో గెలిచింది. నాకప్పుడు పద్నాలుగేళ్లు. మా వీధిలో టీవీ లేదు. ఒక ట్రాన్సిస్టర్ చుట్టూ ఇరవై మందిమి కూర్చున్నాం. గరగరల మధ్య రిచర్డ్స్ ఔటైన మాట సగమే వినబడింది. ఔటైంది మనవాడా వాళ్లవాడా అని మేము కొట్టుకుంటుండగానే ఇంకో వికెట్ పడిపోయింది.

చాలామంది కథను అక్కడ ఆపేస్తారు. తర్వాతి పేజీ తిప్పండి. నాలుగు నెలలైనా తిరక్కుండానే అదే వెస్టిండీస్ జట్టు మన దేశానికి వచ్చి టెస్టు సిరీస్‌ను 3-0తో, వన్డేలను 5-0తో ఊడ్చుకుపోయింది. ఇక డబ్బు సంగతి. ప్రపంచ కప్పు గెలిచిన ఆటగాళ్లకు గట్టి బహుమతి ఇవ్వడానికి భారత క్రికెట్ బోర్డు దగ్గర సొమ్ము లేకపోతే లతా మంగేష్కర్ ఢిల్లీలో కచేరీ చేసి నిధులు సమకూర్చారు. ఆ డబ్బుతో ఆటగాళ్లకు తలా లక్ష రూపాయలు ఇచ్చారు. ఇవాళ ఐపీఎల్ వేలంలో కనీస ధరకు అమ్ముడైన కుర్రాడు కూడా ఆ లెక్క వింటే నవ్వుతాడు.

83 వల్ల వచ్చిన పెద్ద మార్పు ఒకటుంది. అప్పటిదాకా మూడు సార్లూ ఇంగ్లండ్‌లోనే జరిగిన ప్రపంచ కప్పు 1987లో మనకూ పాకిస్థాన్‌కూ ఉమ్మడిగా వచ్చింది. మన దగ్గర సాయంత్రం వెలుతురు తొందరగా పోతుంది కాబట్టి 60 ఓవర్ల ఆట 50 ఓవర్లయింది. ఈ రోజు ప్రపంచమంతా ఆడుతున్న వన్డే కొలత అదే. ఫైనల్ ఈడెన్ గార్డెన్స్‌లో ఆస్ట్రేలియా, ఇంగ్లండ్‌ల మధ్య జరిగింది, మనం సెమీస్‌లోనే పోయాం. అయినా మన దేశంలో ఇంత పెద్ద పండగ చేయగలమని తేలిపోయింది. మధ్యలో 1985లో ఆస్ట్రేలియాలో బెన్సన్ అండ్ హెడ్జెస్ కప్పు గెలిచాం, రవిశాస్త్రికి ఆడి కారు వచ్చింది. రంగు దుస్తులు, ఫ్లడ్ లైట్ల క్రికెట్ ఎలా ఉంటుందో టీవీలో అప్పుడే కళ్లారా చూశాం. నన్నడిగితే 83 కన్నా ఆ జట్టే బలమైనది. ఈ మాట అన్నందుకు తిట్లు తిన్న అనుభవం ఉంది, మళ్లీ తినడానికి సిద్ధం.

మరి మా జిల్లాలో ఏం మారింది? ఆడే పిల్లలు రెట్టింపయ్యారు, మైదానాలు పెరగలేదు. నేను అంపైరింగ్ మొదలుపెట్టినప్పుడు లీగ్ మ్యాచ్ అంటే మట్టి పిచ్ మీద కొబ్బరి పీచు మ్యాట్ పరిచి నాలుగు పక్కలా మేకులు కొట్టడమే. మ్యాట్ బిగుతుగా ఉందో లేదో చూడటం అంపైర్ మొదటి పని. జట్టు మొత్తానికి రెండో మూడో జతల ప్యాడ్లు. ఔటై వస్తున్నవాడు గ్రౌండ్ దాటకముందే ప్యాడ్లు విప్పుకుంటూ నడిచేవాడు, లోపలికి వెళ్లేవాడికి అవే కావాలి. ఇండియా ప్రపంచ విజేత అయి అప్పటికి ఎనిమిదేళ్లు.

1993లో ఏం జరిగింది

దీని గురించి కాస్త ఎక్కువ చెబుతాను, ఎందుకంటే ఎవరూ చెప్పరు.

అప్పటిదాకా ప్రసారం అంటే దూరదర్శన్ ఒక్కటే. 1885 నాటి టెలిగ్రాఫ్ చట్టం ప్రకారం ఆ అధికారం ప్రభుత్వానిదే అని వాదన. తమాషా ఏమిటంటే, మ్యాచ్ చూపించినందుకు దూరదర్శన్ బోర్డుకు డబ్బు ఇవ్వడం మాట అటుంచి, చూపించాలంటే బోర్డే ఎదురు చెల్లించాలని అడిగిన రోజులవి. పెళ్లికి పిలిస్తే భోజనం ఖర్చుతో పాటు దారి ఖర్చులు కూడా అడిగినట్టు. ఇంతలో 1991 తర్వాత ఉపగ్రహ ఛానళ్లు వచ్చాయి. ఇళ్ల మీద గిన్నెల్లాంటి డిష్‌లు, స్తంభాల మీదుగా కేబుల్ వైర్లు మొదలయ్యాయి. 1993 మొదట్లో ఇంగ్లండ్ జట్టు మన దేశానికి వచ్చినప్పుడు బోర్డు ప్రసార హక్కులను ట్రాన్స్ వరల్డ్ ఇంటర్నేషనల్ అనే విదేశీ సంస్థకు అమ్మింది. ఆ సిరీస్‌ను అజహరుద్దీన్ కెప్టెన్సీలో మనం 3-0తో గెలిచాం. కానీ బోర్డు కళ్లు తెరిపించింది స్కోరు కన్నా ఆ అమ్మకమే. తాము ఇన్నాళ్లూ ఊరికే ఇస్తున్న, పైగా ఎదురు కట్టి ఇస్తున్న సరుకుకు ధర ఉందని తెలిసింది.

అదే ఏడాది నవంబర్‌లో హీరో కప్ అనే వన్డే టోర్నీ. బెంగాల్ క్రికెట్ సంఘం దాని హక్కులను మళ్లీ ఆ విదేశీ సంస్థకే ఇచ్చింది. దూరదర్శన్ ఒప్పుకోలేదు. ఆ సంస్థ తెచ్చిన ప్రసార సామగ్రిని కస్టమ్స్ వాళ్లు ఆపారు. మ్యాచ్‌లు ఒక పక్క, కోర్టులో వాదనలు ఒక పక్క నడిచాయి. మీకు తెలిసిన హీరో కప్ అంటే సెమీఫైనల్ చివరి ఓవర్. దక్షిణాఫ్రికాకు 6 పరుగులు కావాలి, బంతి సచిన్ చేతికిచ్చారు, 3 పరుగులే ఇచ్చాడు, 2 పరుగులతో గెలిచాం. ఫైనల్లో కుంబ్లే 12 పరుగులిచ్చి 6 వికెట్లు తీశాడు. గొప్ప మ్యాచ్‌లే. కానీ ఆ టోర్నీ అసలు ఫలితం 1995 ఫిబ్రవరిలో సుప్రీంకోర్టులో తేలింది. ఆకాశ తరంగాలు ప్రజల ఆస్తి, వాటి మీద ప్రభుత్వానికి గుత్తాధిపత్యం లేదు అని కోర్టు చెప్పింది. ఆ ధర్మాసనంలో మన తెలుగు న్యాయమూర్తి జస్టిస్ బి.పి. జీవన్ రెడ్డి ఒకరు. ఇవాళ మీ ఇంట్లో ఇన్ని ఛానళ్లు వస్తున్నాయంటే దాని వెనక ఒక క్రికెట్ టోర్నీ కేసు ఉంది.

క్రికెటే ఎందుకు? హాకీ, ఫుట్‌బాల్‌లకు లేనిది దీనికేముంది అని కుర్రాళ్లు అడుగుతుంటారు. స్కోరర్‌గా నాకు కనిపించే జవాబు: ఓవర్. ఆరు బంతులు పడగానే ఆట దానంతట అదే ఆగుతుంది. ఫీల్డర్లు చోట్లు మారతారు, నేను స్కోరు పుస్తకంలో బౌలర్ లెక్క సరిచూసుకుంటాను, టీవీవాడు ప్రకటన వేసుకుంటాడు. యాభై ఓవర్ల మ్యాచ్‌లో రెండు ఇన్నింగ్స్ కలిపి వంద దాకా అలాంటి సందులు. వికెట్ పడితే ఇంకోటి. హాకీలో ఆట ఆగితే నష్టం, క్రికెట్‌లో ఆగడమే ఆదాయం. ఈ కిటుకు పట్టుకున్నవాళ్లు బోర్డు పెద్దలు జగ్మోహన్ దాల్మియా, ఐ.ఎస్. బింద్రా. 1996 ప్రపంచ కప్పును మన ఉపఖండానికి మళ్లీ తెచ్చి, శీతల పానీయం దగ్గర్నుంచీ ప్రతిదానికీ "అధికారిక" ముద్ర అమ్మారు. 1997లో దాల్మియా ప్రపంచ క్రికెట్‌ను నడిపే ఐసీసీకి అధ్యక్షుడయ్యాడు. పెత్తనం లార్డ్స్ నుంచి మెల్లగా మన వైపు జరిగింది.

డబ్బు వచ్చిన ఇంటికి దొంగలూ వస్తారు. 2000 ఏప్రిల్‌లో ఢిల్లీ పోలీసులు దక్షిణాఫ్రికా కెప్టెన్ హాన్సీ క్రోన్యే మ్యాచ్ ఫిక్సింగ్ సంభాషణలు బయటపెట్టారు. ఆ ఏడాది చివర్లో బోర్డు అజహరుద్దీన్‌పై జీవితకాల నిషేధం వేసింది. 2012లో ఆంధ్రప్రదేశ్ హైకోర్టు ఆ నిషేధం చట్టం ముందు నిలవదని చెప్పింది. ఆడిన మొదటి మూడు టెస్టుల్లో మూడు సెంచరీలు కొట్టిన హైదరాబాదీ మణికట్టును చూసి పెరిగినవాళ్లం మేము. 2000లో మా లీగ్‌లో ఎవడైనా సులువు క్యాచ్ వదిలితే బౌండరీ దగ్గర కూర్చున్న పిల్లలు "ఎంతకి?" అని అరిచేవాళ్లు. ఆ మాట విని కడుపు తరుక్కుపోయేది.

దాన్ని కడిగింది 2001 మార్చిలో కోల్‌కతా టెస్టు. ఆస్ట్రేలియా మనతో ఫాలో ఆన్, అంటే వెంటనే రెండో ఇన్నింగ్స్, ఆడించింది. నాలుగో రోజు లక్ష్మణ్, ద్రావిడ్ పొద్దున్నుంచి సాయంత్రం దాకా ఒక్క వికెట్ పడకుండా ఆడారు. లక్ష్మణ్ 281, ద్రావిడ్ 180, ఇద్దరి భాగస్వామ్యం 376. ఆ రోజు నేను అంపైర్‌గా ఒక లీగ్ మ్యాచ్‌లో ఉన్నాను. డ్రింక్స్ విరామానికి టీ కొట్టు టీవీ దగ్గరికి వెళ్లిన ఫీల్డింగ్ జట్టు వెనక్కి రాలేదు. నిబంధన ప్రకారం హెచ్చరించాలి. హెచ్చరించడానికి వెళ్లి నేనూ అక్కడే నిలబడిపోయాను. స్కోరర్ వచ్చి మా ఇద్దరు అంపైర్లనూ పిలుచుకెళ్లాడు.

చిన్న ఊళ్లకు తలుపు తెరిచింది ఎప్పుడు

ఒకప్పుడు ఇండియా జట్టు అంటే సగం బొంబాయి. 1958-59 నుంచి 1972-73 దాకా వరసగా పదిహేనేళ్లు రాష్ట్ర జట్ల పోటీ రంజీ ట్రోఫీ వాళ్లదే. మన హైదరాబాద్ గెలిచింది రెండుసార్లు, 1937-38లో, 1986-87లో. ప్రసార డబ్బు వచ్చాక బోర్డు 2000లో బెంగళూరులో జాతీయ అకాడమీ పెట్టింది. తర్వాత చిన్న కేంద్రాలకు మనుషుల్ని పంపి కుర్రాళ్లను వెతికే ఏర్పాటు చేసింది. ధోని ఆ వలలో దొరికినవాడే. రాష్ట్ర సంఘాలకు వాటా పెరిగింది, విశాఖలో కొత్త స్టేడియం లేచింది. 2005 ఏప్రిల్ 5న అదే స్టేడియంలో పాకిస్థాన్ మీద ధోని 123 బంతుల్లో 148 కొట్టినప్పుడు నేను ఎండలో, గ్యాలరీలో ఉన్నాను. రాంచీ కుర్రాడు విశాఖలో తన పేరు రాసుకున్నాడు. ఇరవై ఏళ్ల ముందు ఆ రెండు ఊళ్ల పేర్లూ ఒక వార్తలో కలిసేవి కావు.

ఇక ఐపీఎల్. ఇది కూడా హక్కుల తగాదాకు పుట్టిన బిడ్డే. 2004లో ప్రసార హక్కుల టెండర్ విషయంలో జీ సంస్థ, బోర్డు కోర్టుకెక్కాయి. రాజ్యాంగం ప్రకారం బోర్డు ప్రభుత్వ సంస్థ కిందికి రాదని 2005లో సుప్రీంకోర్టు తేల్చింది. హక్కులు దక్కని జీ 2007లో సొంతంగా ఇండియన్ క్రికెట్ లీగ్ పెట్టింది. అదే ఏడాది మార్చిలో వెస్టిండీస్‌లో మనం బంగ్లాదేశ్ చేతిలో ఓడి ప్రపంచ కప్పు మొదటి దశలోనే ఇంటికొచ్చాం. సెప్టెంబర్‌లో సీనియర్లు లేకుండా వెళ్లిన జట్టు జొహానెస్‌బర్గ్‌లో పాకిస్థాన్‌ను 5 పరుగులతో ఓడించి టీ20 కప్పు తెచ్చింది. అప్పటిదాకా ఆ ఆటంటే ముఖం చిట్లించిన బోర్డు రాత్రికి రాత్రి దాని మీద మోజు పడింది. 2008 ఏప్రిల్ 18న ఐపీఎల్ మొదలైంది. ప్రస్తుతం 2023 నుంచి 2027 దాకా దాని ప్రసార హక్కుల ధర 48,390 కోట్ల రూపాయలు. దూరదర్శన్‌కు ఎదురు చెల్లించిన బోర్డే ఇది.

దాని మేలు నేను కాదనను. హైదరాబాద్‌లో ఆటో డ్రైవర్ కొడుకు సిరాజ్‌ను 2017 వేలంలో 2.6 కోట్లకు కొన్నారు. నాలుగేళ్లు తిరిగేసరికి ఆస్ట్రేలియాలోని గాబా మైదానంలో ఒకే ఇన్నింగ్స్‌లో ఐదు వికెట్లు తీశాడు. విశాఖ కుర్రాడు నితీశ్ కుమార్ రెడ్డి 2024లో మెల్‌బోర్న్‌లో సెంచరీ కొట్టాడు.

కానీ కొన్ని తకరార్లున్నాయి. ఈ మధ్య ఒక తండ్రి పదకొండేళ్ల కొడుకును తీసుకొచ్చి, "సార్, తెల్ల బంతి నేర్పించాలా, ఎర్ర బంతి నేర్పించాలా?" అని అడిగాడు, అంటే పొట్టి ఓవర్ల ఆటా, టెస్టుల తరహా ఆటా అని. ముందు బంతి చూడటం నేర్పించండి అన్నాను, ఆయనకు నచ్చలేదు. నా తొంభైల నాటి స్కోరు పుస్తకాల్లో మెయిడెన్ ఓవర్లు, అంటే ఒక్క పరుగూ రాని ఓవర్లు, బారులు తీరి ఉంటాయి. ఇప్పుడు మెయిడెన్ పడితే బ్యాటర్‌ను వాళ్ల కోచే బయటి నుంచి తిడతాడు. అకాడమీ బోర్డులు ఊరూరా వెలిశాయి, ఫీజులు పెరిగాయి, ఎర్ర బంతితో రెండు రోజుల మ్యాచ్‌లు తగ్గాయి. కిట్ కొనలేని పిల్లవాడికి ఒకప్పుడు జట్టు కిట్ ఉండేది, ఇప్పుడు ఎవరి సంచీ వాళ్లదే. ఒకసారి ఎంపిక పోటీల్లో మధ్యాహ్నానికే జాబితా రాసిపెట్టి సాయంత్రం దాకా పిల్లల్ని ఎండలో ఆడించారు. ఏ ఊరో చెప్పను. ఆ రోజు స్కోరు రాసింది నేనే, నోరు మెదపలేదు.

ఇంకో విషయంలో నా తప్పు కూడా ఉంది. 1998లో ఒక తండ్రి తన కూతుర్ని మ్యాచ్ దగ్గరికి తీసుకొచ్చాడు. చక్కటి ఎడమ చేతి స్పిన్. "అమ్మాయిలకు ఇక్కడ మ్యాచ్‌ల్లేవు బాబూ" అని పంపించేశాను. మహిళల క్రికెట్‌కు అప్పుడు వేరే సంఘం ఉండేది, బోర్డు 2006లో గానీ వాళ్లను కలుపుకోలేదు. సికింద్రాబాద్‌లో పెరిగిన మిథాలీ రాజ్ 2002లో టాంటన్‌లో 214 కొట్టిందన్న వార్త మా జిల్లా పేజీలో వేలెడంత కూడా రాలేదు. 2017 లార్డ్స్ ఫైనల్లో 9 పరుగులతో ఓడినప్పుడే జనం తల తిప్పి చూశారు. 2025 నవంబర్ 2న నవీ ముంబైలో దక్షిణాఫ్రికాను 52 పరుగులతో ఓడించి మన అమ్మాయిలు ప్రపంచ కప్పు ఎత్తారు. ఆ జట్టులో కడప జిల్లా అమ్మాయి శ్రీచరణి ఉంది. ఎడమ చేతి స్పిన్నర్. టీవీ ముందు కూర్చున్నంతసేపూ ఆ 1998 అమ్మాయే గుర్తొచ్చింది. ఆడవాళ్ల క్రికెట్‌కు అసలు 1983 ఏది అని మీరు ఇరవై ఏళ్ల తర్వాత అడిగితే, చెప్పడానికి నేనుండను గానీ, జవాబు ఇదే కావచ్చు.

చివరిగా ఏ మ్యాచ్‌లు చూడాలన్నారు. హీరో కప్ సెమీస్ చివరి ఓవర్, కోల్‌కతా నాలుగో రోజు, విశాఖ 148. 2011 ప్రపంచ కప్పు ఫైనల్ మీరు ఎలాగూ చూసే ఉంటారు. 83లో జింబాబ్వే మీద టన్‌బ్రిడ్జ్ వెల్స్‌లో కపిల్ ఆడిన 175 మాత్రం వెతక్కండి, దాని వీడియో లేదు. స్కోరు కార్డు తెచ్చుకుని చదవండి. 17 పరుగులకు 5 వికెట్లు దగ్గర మొదలుపెట్టి వేలు కిందికి జరుపుకుంటూ వెళ్తే కింద కిర్మాణీ 24 నాటౌట్ అని ఉంటుంది. తొమ్మిదో వికెట్‌కు విడిపోకుండా 126 పరుగులు. అందరూ 175 దగ్గర ఆగిపోతారు. నేను ఆ 24 దగ్గర ఆగుతాను.